చెవిన వేయని మాట

మేడ మీద గది,
ఫిబ్రవరి 4

అక్కా,

ఫోను చేస్తే ఎత్తవు. "రోజంతా వినపడనివాళ్ళతో అరిచి అరిచి ఇంటికొచ్చాక ఇంకో గొంతు వినలేనే, ఏదున్నా రాయి" అంటావు. సరే, నీ మాటే నెగ్గింది. కోడి గెలికినట్టుందని నా చేతిరాతని మాత్రం వెక్కిరించకు.

నా సినిమా మొదలైంది. నాలుగు నెలలు చెప్పులరిగేలా తిరిగాక వాళ్ళు నన్ను లోపలికి రానిచ్చారు. మూతపడిన అచ్చాఫీసు కింద ఒక నేలమాళిగ. బోర్డు లేదు, పేరు లేదు, అనుమతి కాగితం అంతకన్నా లేదు. వెళ్ళేవాళ్ళు దాన్ని "కింద" అంటారు, అంతే. "ఆదివారం కిందకి వస్తున్నావా?" అని అడిగితే తెలిసినవాడికి తెలుస్తుంది. వీధిలో షాపులన్నీ మూసి ఉంటాయి కాబట్టి ఆదివారం మధ్యాహ్నం రెండు నుంచి ఆరు వరకు. మెట్ల దగ్గర బుట్టలో ఫోను వేసి దిగాలి. గోడలకి పాత పరుపులు కొట్టారు. నేలకింకా సిరా వాసన పోలేదు.

అక్కడ వాయించేదాన్ని నువ్వు సంగీతమంటావో అనవో. పల్లవి లేదు, చరణం లేదు. శబ్దం మీద శబ్దం పేర్చుకుంటూ పోతారు. ఒకచోటికొచ్చేసరికి కొట్టుకుంటున్నది నీ గుండో వాళ్ళ డ్రమ్మో తెలీదు. నలభై మంది కళ్ళు మూసుకుని నిలబడతారు. ఎవరూ ఎవరినీ పలకరించరు. వారమంతా ఎవరెవరి చేతో మాటలు పడి వచ్చినవాళ్ళే అందరూ. డ్రమ్ములు కొట్టేది ఒక దర్జీ. గిటారు వాయించేది లెక్కల మాస్టారు. బడిలో ఆయన గొంతు చివరి బెంచీదాకా రాదట, పిల్లలు చెప్పారు.

వీళ్ళందరినీ నడిపేది కంచు. అసలు పేరు ఎవరికీ తెలీదు, కంచు కంఠమని అలా పిలుస్తారు. ముప్ఫై ఎనిమిదేళ్ళుంటాయి. ఏ వాయిద్యం ఎంత వినపడాలో తిప్పే బోర్డు ముందు కూర్చుంటుంది. ఆమె వేలు కదిలితే గది కదులుతుంది. కెమెరా పట్టుకోనిచ్చే ముందు నెలన్నర నాచేత వైర్లు చుట్టించింది. "వైరు చుట్టడం రానివాళ్ళకి ఓపిక ఉండదు, ఓపిక లేనివాళ్ళకి వినడం రాదు" అంటుంది. నాకామె నచ్చింది అక్కా. ఈ ఊళ్ళో నాకున్న స్నేహం ఆమె ఒక్కతే.

రెండు గంటల ముక్క ఈ మెమరీ కార్డులో పంపిస్తున్నాను. బాగుందో లేదో మొహమాటం లేకుండా రాయి.

చిన్ని


ఆసుపత్రి, చెవి పరీక్ష గది,
ఫిబ్రవరి 15

చిన్నీ,

రోగులు లేని వేళ చూసి, గది తలుపేసుకుని నీ సినిమా చూశాను. మొదటి పది నిమిషాలు తలనొప్పి. తర్వాత ఏమైందో తెలీదు, ఆ దర్జీ మొహం చూస్తుంటే కళ్ళ నీళ్ళొచ్చాయి. ఎవరో చాలాకాలం తర్వాత నిద్రపోతుంటే చూసినట్టుంది. నువ్వు బాగా తీస్తావే. ముందు ఆ మాట చెప్పి తర్వాత మిగతాది చెబుదామని.

మీ కంచుకి ఎడమ చెవి పోతోంది.

నవ్వకు. ఇరవై ఏళ్ళుగా నా పని అదే. ఎవరు పలకరించినా ఆమె మొహం కొద్దిగా తిప్పి కుడి చెవి అందిస్తుంది చూడు. ఎదుటివాళ్ళ కళ్ళలోకి కాదు, పెదాల వైపు చూస్తుంది. నలభయ్యో నిమిషం దగ్గర మాస్టారు "గిటారు తగ్గించండి" అంటే ఆమె "అవును, బాగా కుదిరింది" అంది. మీరందరూ నవ్వారు. నేను మాత్రం నవ్వలేకపోయాను. ఇంకో సంగతి. మొదటి ఆదివారానికీ చివరి ఆదివారానికీ ఆ బోర్డు మీద మీటలు ఎంత పైకి జరిగాయో నీ కెమెరాలోనే కనిపిస్తోంది. తనకి తగ్గినకొద్దీ అందరికీ పెంచుతోంది. అంటే ఆ నలభై మంది చెవులూ ఆమె చెవి వెంటే నడుస్తున్నాయి.

అమ్మ నూలు మిల్లులో ఇరవై రెండేళ్ళు చేసింది. మనది గొడవల కొంప అని పక్కింటివాళ్ళు అనుకునేవాళ్ళు, గుర్తుందా? మనం అరిచింది అమ్మకి వినపడాలని. అప్పుడు ఎవరూ ఒక్క మాట ముందుగా చెప్పలేదు. చెప్పేవాళ్ళుంటే ఆమె చెవిలో దూదైనా పెట్టుకునేది.

కంచుతో చెప్పు. పరీక్షకి నా దగ్గరికి పంపు. పోయింది తిరిగి రాదు, ఉన్నది నిలుస్తుంది.

అక్క


మేడ మీద గది,
మార్చి 2

అక్కా,

నీ జాబు చదివి కార్డు మళ్ళీ వేసి చూశాను. నువ్వు చెప్పింది నిజమే అనిపిస్తోంది. సందర్భం చూసి చెప్తాను.

ఇక్కడ పెద్ద వార్త ఒకటుంది. ఇలాంటి సినిమాలకి సాయం చేసే సంస్థవాళ్ళకి పది నిమిషాల ముక్క చూపించాను. నలుగురు కూర్చున్నారు. అందులో ఒకావిడ, జుట్టు పూర్తిగా నెరిసినావిడ, అంతా చూసి "గది బాగుంది, మనుషులు బాగున్నారు. వీళ్ళకేం జరుగుతుందమ్మా?" అంది. నా దగ్గర జవాబు లేదు. ఆరు నెలల్లో పూర్తి సినిమా తెమ్మన్నారు. ఏడేళ్ళుగా పెళ్ళిళ్ళూ పుట్టినరోజులూ తీసి బతుకుతున్నదాన్ని. నన్ను ఎవరైనా అలా కూర్చోబెట్టి అడగడం ఇదే మొదటిసారి.

మొన్న కంచు పనిచేసే చోట తీశాను. మోటార్ వైండింగ్ షాపు. కాలిపోయిన మోటార్లకి రాగితీగ చుడుతుంది. చుట్టాక తిప్పి, పొడుగాటి స్క్రూడ్రైవరు మొనని మోటారుకి ఆనించి, పిడిని చెవికి ఆనించి వింటుంది. లోపల బేరింగు అరిగిందో లేదో ఆ శబ్దంలోనే చెబుతుంది. యజమాని ముసలాయన "డాక్టరు గొట్టం పెట్టి చూసినట్టే, మా అమ్మాయి చెప్పిందంటే తిరుగుండదు" అన్నాడు. ఎంత అందమైన దృశ్యమో. ఆమె చాలాసేపు వింది. చాలా చాలాసేపు. కెమెరా కదపకుండా అలాగే పెట్టి ఉంచాను.

అమ్మ మోకాలు ఎలా ఉంది?

చిన్ని


ఆసుపత్రి,
మార్చి 14

చిన్నీ,

అమ్మ మోకాలు అలాగే ఉంది.

నీ జాబు మూడు పేజీలు. నేనడిగినదానికి జవాబు ఒక్క వాక్యం, అదీ "సందర్భం చూసి". ఏం సందర్భం కావాలే? ఆమె స్క్రూడ్రైవరు చెవికి పెట్టుకుని చాలాసేపు విందని నువ్వే రాశావు. అందంగా ఉందని వినలేదే పిచ్చిదానా. వినపడక విన్నది.

ఇది చదివి గోడకి అంటించుకో. శబ్దంలో ఉండేవాళ్ళకి ఒక్కోసారి చెవి ఉన్నట్టుండి మూసుకుపోతుంది. దూది కుక్కినట్టుందంటారు, లోపల ఈల వేసినట్టుందంటారు. అలా అయిన రోజే డాక్టరు దగ్గరికి పరుగెత్తాలి. మొదటి కొద్ది రోజుల్లో మందు పడితే కొందరికి కొంతైనా వెనక్కొస్తుంది. వారాలు గడిస్తే ఏ మందూ పనిచేయదు. సర్దుకుంటుందిలే అని కూర్చుని పోగొట్టుకున్నవాళ్ళని నెలకిద్దరిని చూస్తాను.

చెప్పావా లేదా? ఒక్క ముక్క రాయి.

అక్క


మేడ మీద గది,
ఏప్రిల్ 20

అక్కా,

చెప్పాను. నవ్వేసింది. "నా చెవులు నాకు తెలుసు, మీ అక్కని వాళ్ళ రోగుల్ని చూసుకోమను" అంది. చేతులు కట్టేసి తీసుకురాలేను కదా.

ఆలస్యానికి ఏమనుకోకు, పనిలో పడి రాయలేదు. శబ్దం బాగా పెరిగింది. మాస్టారు చెవుల్లో దూది పెట్టుకుని వాయిస్తున్నారు. ఇద్దరు ముగ్గురు రావడం మానేశారు. కానీ ఉన్నవాళ్ళు ఇదివరకటికన్నా గట్టిగా అంటిపెట్టుకున్నారు. సినిమాకి ఒక రూపం వస్తోంది. ఇప్పుడు ఆ నెరిసిన జుట్టావిడ అడిగితే చెప్పడానికి నా దగ్గర జవాబుంది.

ఉంటాను.

చిన్ని


ఆసుపత్రి,
జూన్ 9

ఇవాళ కంచు నా గదికి వచ్చింది.

నువ్వు పంపలేదు. మీ ఊళ్ళో చెవి పరీక్ష చేసే గది లేక అక్కడి డాక్టరు చీటీ రాసిస్తే, ఐదు గంటలు బస్సులో కూర్చుని వచ్చింది. తలుపు తీయగానే గుర్తుపట్టాను. నేనెవరో ఆమెకి తెలీదు. నేనూ చెప్పలేదు.

గాజు గదిలో కూర్చోబెట్టి, హెడ్‌ఫోన్లు పెట్టి, శబ్దం వినపడినప్పుడల్లా ఈ మీట నొక్కమని కాగితం మీద రాసి చూపించాను. మొదలుపెట్టాను. నొక్కలేదు. పెంచాను. నొక్కలేదు. నా మిషను ఇవ్వగలిగిన చివరి మెట్టుదాకా వెళ్ళాను. ఆమె అద్దంలోంచి నా చేతివైపే చూస్తూ, పరీక్షకి బాగా చదువుకొచ్చిన పిల్లలా వీపు నిటారుగా పెట్టి కూర్చుంది. ఎడమ చెవి మొత్తం అయిపోయాక, తలుపు తీసి, మర్యాదగా అడిగింది: "మొదలుపెట్టారాండీ?"

ఎడమవైపు ఏమీ లేదు. కుడివైపు మూడొంతులు పోయింది. వాళ్ళ డాక్టరు ముందు గులిమి అనుకుని చుక్కలు వేయించాడట. అప్పటికే ఆమె పన్నెండు రోజులు ఊరుకుని ఉంది.

"మీ చెవులు తగ్గుతున్నాయని ఇదివరకెప్పుడైనా, ఎవరైనా చెప్పారా?" అని రాశాను.

"లేదండీ. చెప్పుంటే రాకపోదునా? నా కూడే చెవిమీద ఉంది."

మే పదిహేడు ఆదివారం బోర్డు దగ్గరుండగా మూసుకుపోయిందట. "మా సినిమా అమ్మాయి పక్కనే ఉంది. ఇలా అయింది, ఏమైనా ప్రమాదమా అని అడిగాను. ఏమీ అనలేదు. చదువుకున్న పిల్ల, దానికి కంగారు లేదంటే నాకెందుకులే అనుకున్నాను" అంది.

అప్పటికి గోడకి అంటించుకోమని నేను రాసి రెండు నెలలైంది.

నువ్వు ఏప్రిల్లో నాకు రాసింది ఏమిటి?


మేడ మీద గది,
జూన్ 14

అక్కా,

నీ జాబు అందిన దగ్గర్నుంచి నాలుగుసార్లు మొదలుపెట్టి చింపేశాను. ఇది కూడా చింపకముందే పోస్టులో వేసేస్తాను.

చెప్పలేదు. ఎప్పుడూ చెప్పలేదు. "మీ అక్కని వాళ్ళ రోగుల్ని చూసుకోమను" అన్న మాట నేను కల్పించింది. ఆమె అలా మాట్లాడదు కూడా. ఆమె గొంతు నీకు తెలీదు కాబట్టి నమ్ముతావనుకున్నాను.

మొదట్లో నిజంగానే చెబుదామనుకున్నాను. ఆ నెరిసిన జుట్టావిడ "వీళ్ళకేం జరుగుతుంది?" అని అడిగిన సాయంత్రం బస్సులో వస్తుంటే, నీ జాబు నా సంచిలో ఉంది. నాకు ఠక్కున తట్టింది. జరగబోయేది ఇదే కదా అని. శబ్దాన్ని నడిపించే మనిషికి శబ్దం పోతుంది. ఇంతకన్నా ఏం కావాలి. ఆ రోజు నుంచి నేను ఎదురుచూశాను. కాలు జారేచోట కెమెరా పెట్టుకుని కూర్చున్నట్టు. ఉన్నది ఉన్నట్టు తీయాలి, మధ్యలో మనం వేలు పెట్టకూడదు, అదే మా పనిలో నిజాయితీ అని నాకు నేను చెప్పుకున్నాను. గట్టిగా చెప్పుకుంటే ఏ మాటైనా నీతిలాగే ఉంటుంది.

ఆ ఆదివారం సంగతి నీకు రాయాలి. నాలుగింటప్పుడు. గది ఊగిపోతోంది. కంచు హఠాత్తుగా ఎడమ చెయ్యి చెవి మీద పెట్టుకుంది. తల విదిలించింది, నీళ్ళలో మునిగి లేచినవాళ్ళు విదిలించినట్టు. నా కెమెరా ఆమె మొహానికి మూరెడు దూరంలో ఉంది. నావైపు తిరిగి "ఏయ్, చెవిలో దూది కుక్కినట్టైంది. ఈల వేస్తోంది లోపల. ఇదేమన్నా ప్రమాదమా?" అంది.

నువ్వు రాసిన మాటలే అక్కా. దూది, ఈల. నీ జాబు చూసి చదివినట్టు.

నేను నోరు తెరవలేదు. తెరిస్తే నా గొంతు రికార్డవుతుంది, ఆ దృశ్యం పాడవుతుంది. ఆమె మొహంలో అప్పుడే పుడుతున్న భయం చాలా బాగా పడుతోంది. పదకొండు సెకన్లు. లెక్కపెట్టి చూశాను. పదకొండు సెకన్లు ఆమె నా జవాబు కోసం చూసి, నేను కంగారుపడటం లేదు కదా అని తనే ధైర్యం తెచ్చుకుని, నవ్వి, మీట ఇంకాస్త పైకి జరిపింది.

ఆ తర్వాత మూడు వారాలు రోజూ కనిపించింది. రోజూ తీశాను.

ఇంతకన్నా రాయలేను. నన్ను తిట్టు. నీకు పుణ్యముంటుంది, ఏదో ఒకటి రాయి.

చిన్ని


ఇల్లు,
జూన్ 20

చిన్నీ,

తిడదామనే కూర్చున్నాను. రాలేదు. ఎందుకో రాత్రంతా ఆలోచిస్తే దొరికింది.

నేనేం చేశాను? నాకు ఫిబ్రవరిలోనే తెలుసు. ఆమె ఏ ఊళ్ళో ఉందో తెలుసు, మార్చికల్లా ఏ షాపులో పనిచేస్తుందో కూడా తెలుసు. ఒక కార్డు ముక్క నేరుగా ఆమెకి రాస్తే సరిపోయేది. సెలవు పెట్టి ఐదు గంటలు బస్సెక్కితే సరిపోయేది. నీకు రాశాను కదా అని చేతులు దులుపుకున్నాను. ఏప్రిల్లో నీ జాబు చదివినప్పుడు నాకు అనుమానం రాకపోలేదు. చెవి పోతోందని మనిషితో చెబితే నవ్వేయరు, నా అనుభవంలో ఒక్కరూ నవ్వలేదు. అయినా నమ్మాను. చెల్లెలు అబద్ధమాడిందనుకోవడం కన్నా ముక్కూ మొహం తెలియని ఆవిడ మొండిదనుకోవడం నాకు సుఖంగా ఉంది.

ఇద్దరం ఒక తానులో ముక్కలమే.

కంచు మళ్ళీ నెలకి రావాలి, కుడి చెవికి వినికిడి మిషను పెట్టి చూడాలి. ఈలోపల ఆమెకి నువ్వు చెప్పాలి. నేను చెప్పడం కాదు, నువ్వు. కెమెరా లేకుండా వెళ్ళు.

అక్క


మేడ మీద గది,
జులై 6

అక్కా,

వెళ్ళాను.

మధ్యాహ్నం షాపుకి వెళితే ముందు గదిలో బల్ల మీద ఒక్కతే కూర్చుని తీగ చుడుతోంది. ఇప్పుడు చుట్టడం వరకే ఇస్తున్నాడట యజమాని. వినే పని ఆయనే చూసుకుంటున్నాడు, ఆయనకేమో డెబ్భై ఏళ్ళు. నన్ను చూసి పక్కకి జరిగి చోటిచ్చింది. "ఎక్కడ చచ్చావే ఇన్నాళ్ళు?" అంది.

నా మాటలు ఆమెకి అందవు కదా. లాప్‌టాప్ తీసుకెళ్ళాను. ఆ ఆదివారం ముక్క వేసి ఆమె ముందు పెట్టాను. చూసింది. తన మొహం తను చూసుకుంది. "నేనేమంటున్నాను అక్కడ?" అని అడిగింది. నేను కాగితం మీద రాశాను. ఆమె మాట రాశాను. దాని కింద "నేను" అని రాసి, పక్కన ఏమీ రాయలేదు.

ఆమె ఆ ఖాళీ మీద వేలు పెట్టి "ఇదేంటి, నువ్వేమన్నావు?" అంది.

అప్పుడు మిగతాదంతా రాశాను. మా అక్క చెవి పరీక్ష చేస్తుందని, ఫిబ్రవరిలో నీ సంగతి రాసిందని, మార్చిలో ఈ దూది, ఈల గురించి రాసిందని, అలా అయితే ఆ రోజే పరుగెత్తాలని రాసిందని, నాకు తెలుసని. సినిమా కోసం చెప్పలేదని. కాగితానికి రెండు వైపులా నిండింది. ఆమె నా చెయ్యి పక్కనే తల వంచి, నేను రాస్తున్నప్పుడే చదువుతోంది. ఒక వాక్యం మధ్యలో ఆమె ఊపిరి ఆగడం నా మోచేతికి తెలిసింది.

చదవడం ముగించింది. చేతిలోని తీగ జాగ్రత్తగా కండెకి చుట్టి పెట్టింది.

"నిన్ను నా చెల్లెలనుకున్నానే" అంది.

తన గొంతు ఎంత పెద్దదో తనకి తెలీదు అక్కా. గుసగుసగా అన్నాననుకుంది. ఆ కంచు గొంతు వీధంతా మోగింది. ఎదురు షాపులో టీ తాగుతున్నవాళ్ళు లేచి చూశారు. లోపల్నుంచి ముసలాయన పరుగెత్తుకొచ్చాడు. ఆమె వాళ్ళందర్నీ చూసి, ఎందుకు చూస్తున్నారో అర్థంకాక, నావైపు చూసింది. గట్టిగా అన్నానా అన్నట్టు. అలవాటు కొద్దీ నన్నే అడిగింది. నేను అవునని తల ఊపాను. ఆమె నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

కార్డులన్నీ ఒక డబ్బాలో పెట్టి తెచ్చాను. ఆమె ముందు పెట్టి "ఇవి నీవి, తగలబెట్టినా సరే" అని రాశాను. డబ్బా నావైపు తోసేసి "నాకెందుకు? అందులో ఉన్నదంతా శబ్దమేగా" అంది. అని తీగ చుట్టుకోవడం మొదలుపెట్టింది. నేను అలా ఎంతసేపు కూర్చున్నానో. ఇంకోసారి తలెత్తలేదు.

ఆదివారం కిందకి వెళ్ళి అందరికీ చెప్పాను. చెవులు చూపించుకోమన్నాను. మాస్టారికి మూడు నెలలుగా చెవిలో ఈల ఆగడం లేదట. కంచు బాధపడుతుందని చెప్పలేదట. దర్జీ లేచి, నా ట్రైపాడ్ మడిచి, మెట్ల పైదాకా తెచ్చి ఇచ్చాడు. ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేది. బోర్డు ముందు ఆమె కుర్చీలో కూర్చోవడానికి ఎవరికీ మనసొప్పక, ఆ రోజు ఎవరూ వాయించలేదు. తర్వాతి వారం తాళం వేసి ఉంది.

సంస్థవాళ్ళకి జరిగిందంతా చెప్పి, సినిమా లేదని రాసేశాను. నెరిసిన జుట్టావిడ ఫోను చేసి "అలాంటి ఘటన దొరికితే ఎవరైనా వదులుకుంటారా?" అంది. ఆవిడ మంచి మనిషే. నిజంగా బాధపడి అడిగింది. నేను ఫోను పెట్టేశాను.

ఆమెకి మిషను పెట్టాక ఎలా ఉందో రాయి. ఒక్క ముక్క చాలు. ఎంత వినపడుతుందో రాయి.

చిన్ని


ఆసుపత్రి,
జులై 21

చిన్నీ,

కంచు నిన్న వచ్చింది. కుడి చెవికి మిషను పెట్టాం. మాట శబ్దంలా తెలుస్తోంది, మాటలా తెలియడం లేదు. గులకరాళ్ళు డబ్బాలో వేసి ఊపినట్టుందంది. కొందరికి అలవాటయ్యాక నయమవుతుందని రాసి చూపించాను. అబద్ధం కాదు. అందరికీ కాదని మాత్రం రాయలేదు.

మిషను పెట్టాక నా మెడలో కార్డు మీద ఇంటిపేరు చదివింది. నా మొహం చూసింది. మనిద్దరిదీ ఒకటే ముక్కు కదా. "మీరేనా ఆ అక్క?" అంది.

తల ఊపాను.

"మీకెప్పుడు తెలిసింది?"

నువ్వు ఆమెకి రాసే ఉన్నావు. అయినా నా చేత్తో రాయించాలనుకుందేమో, కాగితం నావైపు జరిపింది. "ఫిబ్రవరి" అని రాశాను. ఆమె ఆ ఒక్క మాటని చాలాసేపు చదివింది. "ఐదు గంటల దారేనండీ" అంది. అరవలేదు, ఏడవలేదు. ఇకమీదట పక్క గదిలో పరీక్షలు చేసే ఆయన దగ్గర చూపించుకుంటానని, తన సంగతులు నీకు రాయొద్దని చెప్పింది. కాబట్టి ఆమె గురించి నేను నీకు రాసేది ఇదే ఆఖరు. నువ్వు అడగొద్దు.

సంచి తీసుకుని వెళ్ళిపోతోంది. మిషను పెట్టె బల్ల మీదే మర్చిపోయింది. అందులో బ్యాటరీలు, ఎలా వాడాలో రాసిన కాగితం, అన్నీ ఉన్నాయి. చెవిలో మిషను గుచ్చుతోందని తీసి చేత్తో పట్టుకుని నడుస్తోంది. నేను పెట్టె పట్టుకుని వరండాలోకి వచ్చి పిలిచాను. "ఏమండీ" అన్నాను. ఇంకా గట్టిగా "అమ్మా" అన్నాను. కుర్చీల్లో ఉన్న రోగులు కూడా కొందరు తిరిగి చూశారు. ఆమె తిన్నగా నడిచి వెళ్ళిపోయింది.

ఇరవై ఏళ్ళుగా ఇదే పని చేస్తున్నదాన్ని, చిన్నీ. పరుగెత్తుకెళ్ళి ముందు నిలబడాల్సింది పోయి, వినపడని మనిషిని వెనకనుంచి పిలుస్తూ నిలబడ్డాను.

అక్క